తొందర లేని ధర

డిసెంబరు ముప్పై ఒకటి ఎప్పుడో దాటిపోయింది.
మేమింకా అక్కడే ఉన్నాం, ఫిబ్రవరి పదకొండున,
రువీలో నాలుగో అంతస్తులో,
ఆ ఒక్క రోజు చివరి గంటకు
ఏ కాగితం విలువ ఎంతో తేలుస్తూ.

మొదటి స్థాయి తేలిక.
మార్కెట్ మూసేవేళకు తెర మీద ఏ అంకె ఉందో అదే.
బుగ్గ మీద పుట్టుమచ్చ, వాదం లేదు.
రెండోది దూరపు చుట్టం:
ఈ బాండుకు ధర లేదు, దీని పోలికున్న ఇంకోదానికి ఉంది.
ముక్కు చూసి మేనమామ ఎవరో చెప్పినట్టు
వడ్డీ చూసి విలువ చెబుతాం.

మూడోదే రెండు వారాలుగా నా బల్ల మీద పడుకుని ఉంది.
దుక్మ్ రేవులో చేపల కోల్డ్ స్టోరేజి,
అందులో మా కంపెనీకి పద్దెనిమిది శాతం.
ఏ బజారులోనూ దాని పేరు పిలవరు.
నీళ్లలో బర్రెకు బేరం.
ఐదేళ్ల తర్వాత ఎన్ని టన్నుల చేప అక్కడ గడ్డకడుతుందో
నేను ఊహించాలి,
ఊహించినదాన్ని ఇవాళ్టి దాకా నడిపించుకు రావాలి,
ఏడాదికింత చొప్పున దారి పొడవునా కోసుకుంటూ.
పదకొండున్నర శాతం కోశాను.
మిగిలింది పన్నెండు లక్షల నలభై వేల ఆరువందల రియాల్స్,
మూడొందల డెబ్బై ఐదు బైసాలు.

బైసాల దాకా!
తెలియనిదానికి మూడు దశాంశాలు తగిలిస్తే
తెలిసినట్టే ఉంటుంది.

ఖల్ఫాన్ గారు కళ్లద్దాలు నుదుటికెత్తి
"పదకొండు అంటే తప్పా?" అన్నారు,
ఖర్జూరాల పళ్లెం నా వైపు జరుపుతూ.
తప్పు కాదు. అదే ఇబ్బంది.
అర శాతం పక్కకు జరిగితే
డెబ్బై వేల రియాల్స్ ఎక్కడినుంచో లేచి నిలబడతాయి.

ఆయన వెళ్లాక
ఓదెలు టీ పెట్టి, కదలకుండా నిలబడ్డాడు.
పోయిన శుక్రవారం హమ్రియాలో, వాళ్ల గదిలో, చిట్టీ పాట.
పాటన్నమాటే గానీ రాగం ఉండదు,
ఎవడెంత వదులుకుంటాడో అదే గొంతు.
ఇరవై మంది, నెలకు యాభై. వెయ్యి రియాల్స్ చిట్టీని
ఎనిమిదొందల పదికి ఎత్తుకున్నాడు.
"తమ్మునిది ట్రాక్టర్ ఫైనాన్సోల్లు గుంజుకపోయిండ్రు మేడమ్.
లస్మయ్యకు గూడ గరజే ఉండె.
ఇద్దరం దింపుకుంట దింపుకుంట పోయినం."
కాసేపాగి,
"గీ లెక్కలు మీకెర్క గద. నా వెయ్యి అసలుకు ఎంత?"

మా పుస్తకంలో ఒక వాక్యం ఉంది.
ఇష్టపడి అమ్మేవాడు, ఇష్టపడి కొనేవాడు,
ఇద్దరికీ విషయం తెలుసు, ఎవరికీ తొందర లేదు,
వాళ్ల మధ్య కుదిరేదే సరైన విలువ.
గొంతు మీద కాలున్నప్పుడు పలికిన ధర ధర కాదు,
అడ్డికి పావుశేరు అమ్మకాన్ని పక్కన పెట్టమంటుంది.
చెప్పబోయి ఆగాను.
హమ్రియాలో తొందర లేనివాడు పాడనే పాడడు.
చివరి నెల దాకా గోడకానుకుని కూర్చుంటాడు,
మిగతావాళ్లు వదులుకున్నది నెలనెలా పంచుకుంటూ.

"ఎనిమిదొందల పదే" అన్నాను. "ఆ రోజుకి."
"ఆ రోజుకి" అన్నాడు, కప్పులు తీస్తూ.

పదకొండున్నరే ఉంచాను.
ఇరవై ఏడో నోట్ కింద, చిన్న అక్షరాల్లో రాశాను:
రేటు అర శాతం తగ్గితే ఇంత పెరుగుతుంది,
పెరిగితే ఇంత తరుగుతుంది,
ఈ అంకె బజారు చెప్పింది కాదు, మేము అనుకున్నది.
ఖల్ఫాన్ గారు రెండుసార్లు చదివారు.
"మేము అనుకున్నది" కొట్టేసి
"యాజమాన్యం అంచనా" అని దిద్దారు.
మిగతాదాని జోలికి పోలేదు. సంతకం చేశారు.

కిందికి దిగేసరికి చీకటి పడింది.
డబ్బు పంపే దుకాణం ముందు
రూపాయి ధర ఎర్రటి అంకెల్లో మారుతోంది,
మొదటి స్థాయి, దారిన పోయే ఎవరికైనా కనబడేట్టు.
ఓదెలు వరసలో ఎనిమిదోవాడు.
చొక్కా జేబు మీద చెయ్యి పెట్టుకుని
ముందువాడి మడమలు చూస్తున్నాడు,
బోర్డు వైపు తల ఎత్తలేదు.