తలలు లెక్కపెట్టే మనిషి

పొద్దున తొమ్మిదికి ఇరవై మూడు తలలు.
నేనే లెక్కపెడతాను, వేలితో కాదు, గడ్డంతో.
వేలు చూపిస్తే చేపలు అలుగుతాయనేది మా అమ్మ.

ఐతుతాకి రేవులో ఇంజను
రెండుసార్లు దగ్గి, మూడోసారికి మాట వింటుంది.
తుతాయ్ మైకు అందుకుంటాడు.
పంతొమ్మిదేళ్లుగా అదే జోకు:
"ఈత రానివాళ్లు చెయ్యెత్తండి,
మీ వంతు భోజనం నాది."
నవ్వనివాళ్లకి ముందుగా కొబ్బరినీళ్లిస్తాను.

ఈ నీళ్లలో నీలాలు ఎన్నని అందరూ అడుగుతారు.
నాకు తెలిసినవి మూడే:
దిగొచ్చు,
దిగకూడదు,
మెతువాని అడగాలి.
మెతువా పడవ నడుపుతాడు. మాట్లాడడు.
రంగు చూసి లోతు చెప్తాడు,
చెప్పడమంటే చుక్కాని కాస్త తిప్పడమే.

పోయినేడు ఇక్కడో ఇసకదిబ్బ ఉండేది,
కొత్తజంటలు ఫోటోలు దిగేవాళ్లు.
ఇప్పుడు అటు జరిగి పడుకుంది,
నిద్దట్లో దుప్పటి లాక్కుపోయిన మనిషిలా.
పటంలో మాత్రం ఇంకా పాతచోటే.

తర్వాత రాకాసి ఆల్చిప్పలు.
ఊదారంగు పెదాలు, నీడ పడితే చాలు మూసేస్తాయి.
వియన్నాలో పళ్ల డాక్టరట ఒకాయన,
నీళ్లలోంచి తలెత్తి, నోట్లో గొట్టం తీసి,
"తెరవమంటే మూసేవాళ్లు ఇక్కడా ఉన్నారే" అన్నాడు.
తుతాయ్ ఆ మాట దాచుకోవడం చూశాను.
రేపటి జట్టుకి అది తనదే.

నా పొయ్యి పడవ వెనకాల.
ట్యూనా ముక్కలు, పచ్చరటికాయ, కాల్చిన సీమపనస.
నన్ను రెండుసార్లే చూస్తారు,
పళ్లెం ఇచ్చేటప్పుడు, పళ్లెం తీసేటప్పుడు.
మధ్యలో చేపని చూస్తారు. అదీ న్యాయమే.

ఒంటికాలి దీవిలో దింపి కథ చెప్తాడు తుతాయ్.
శత్రువులు తరుముతుంటే తండ్రీ కొడుకూ ఇక్కడికొచ్చారు.
పిల్లాడి అడుగుల మీదే తండ్రి తన అడుగులేశాడు,
ఇసకలో ఒక్క మనిషే నడిచినట్టు.
కొబ్బరిచెట్టు మొవ్వులో పిల్లాణ్ణి దాచి
తనొక్కడే ఎదురెళ్లాడు.
ఇక్కడ ఆగుతాడు, ఎప్పుడైనా మూడు అలలసేపు.
ఆ తర్వాత, పాస్‌పోర్టులు తెండి,
పాదం గుర్తు కొట్టిస్తానంటాడు.

ఇవాళ మూడో అల రాకముందే
ఎర్రటోపీ పిల్ల, ముక్కు నిండా తెల్లటి క్రీము,
"ఇక దిగొచ్చని వాడికి ఎవరు చెప్పారు?" అంది.

తుతాయ్ మైకు వైపు చూశాడు. మైకుకీ తెలీదు.
"చీకటి పడ్డాక..."
"చీకట్లో భయం కదా."
"పోటు తగ్గాక..."
"తగ్గిందని వాడికెలా తెలుస్తుంది? చిన్నోడు కదా."
వాళ్లమ్మ చెయ్యి పట్టి లాగింది.
పాస్‌పోర్టుల వరస కదిలింది.

నేను ముళ్లు నీళ్లలో దులుపుతున్నాను.
పెద్ద చేపలు రోజూలాగే కొట్టుకుంటూ వచ్చాయి.
తాగడానికి కొబ్బరి ఉంది, సరే.
అంత ఎత్తు నుంచి అన్నీ కనపడతాయి కూడా,
ఏ నీలంలో దిగొచ్చో, ఏ నీలంలో దిగకూడదో.
మూడో నీలం సంగతి అడుగుదామంటేనే
ఎవరూ లేరు.
పళ్లెం ఒకటి చేతిలోనే ఉండిపోయింది చాలాసేపు.

తిరిగొచ్చేటప్పుడు పాట ఉంటుంది.
ఇవాళ ఉకులేలే తుతాయ్ ఒళ్లో ఊరికే ఉంది.
గాలి ఎదురు. ఉప్పు కళ్లలో.
పొద్దుటి నుంచి మొదటిసారి మెతువా నోరు తెరిచాడు:
"దిగే ఉంటాడు.
లేకపోతే మనకెవరు చెప్పారు?"
మళ్లీ చుక్కాని వైపు తిరిగిపోయాడు.

రేవు తగిలింది. గడ్డంతో లెక్కపెట్టాను.
డాక్టరు ఇరవై ఒకటి, వాళ్లమ్మ ఇరవై రెండు,
లైఫ్ జాకెట్ల కుప్ప మీద
టోపీ జారి, నోరు తెరుచుకుని నిద్రపోతూ
ఇరవై మూడు.

వంగి, భుజం తట్టి,
నెమ్మదిగా చెప్పాను,
ఇక దిగొచ్చు.