ఉప్పు తిన్న రీలు

ఆర్మెల్ త్రెగీయేకి కెమెరా లేదు.
ఉండేది ఒకటి. రెండో సినిమా కాగానే
పడవ ఇంజన్ బాగుచేసినవాడి బాకీ కింద పోయింది.
ఆ తర్వాత ముప్పై ఏడేళ్ళు
సినిమాలు తీస్తూనే ఉంది.

నేను ద్వార్నెనే రేవులో, చిన్న హాల్లో
ప్రొజెక్టర్ ఆడించేవాణ్ణి.
సార్డీన్ డబ్బాలో చుట్టి తెచ్చేది రీలు.
మూత తీస్తే చాలు, గదంతా చేపల కంపు.
"ఇది నడవదు, పళ్ళచక్రంలో ఇరుక్కుంటుంది."
"ఇరుక్కోనీ లోయిక్,
ఎక్కడ ఆగుతుందో నాకూ తెలియాలిగా."

ఖాళీ ఫిల్మును ఇసుకలో పాతిపెట్టేది
రెండు పోట్లు వచ్చిపోయేదాకా.
పైకి తీసి, చేపముల్లుతో గీకేది.
వాళ్ళమ్మ డబ్బాల ఫ్యాక్టరీలో
నలభై ఏళ్ళు చేపల తలలు కోసిన కత్తి
ఎడిటింగ్ బల్ల మీద ఉండేది.
పిడి అరిగి, అమ్మ బొటనవేలి గుంట పడి.
ఆ గుంటలో తన వేలు
సరిగ్గా పట్టేది కాదు.

పారిస్‌లో మొదటి ఆటకి పదకొండుమంది.
ఆరో నిమిషానికి నలుగురు.
అందులో ఒకావిడ ఒళ్ళో బిడ్డ నిద్రపోయిందని
కదల్లేక కూర్చుంది.
గీతలు పడ్డ కిటికీ అద్దం చూసినట్టుందని
ఒక పేపరు రాసింది.
ఆర్మెల్ ఆ ముక్క కత్తిరించి
అక్షరాల సిరా ఫిల్ముకి అంటించి
తెర మీద పరిగెత్తించింది.
మూడు నిమిషాల సినిమా.
అది మాత్రం అందరికీ నచ్చింది.
ఆమెకి నచ్చలేదు.

ముసలితనంలో చేతులు వణికాయి.
గీతలూ వణికాయి.
కొత్త శైలి అన్నారు పెద్ద పట్నం పండితులు.
"వాళ్ళకి శైలి, డాక్టరుకి జబ్బు,
నాకు మాత్రం కాఫీ ఒలికిపోతోంది" అని
ముక్కుతో నవ్వింది.

మ్యూజియంవాళ్ళు వచ్చారు, తెల్ల గ్లవుజులతో.
చల్లటి గదిలో దాస్తామన్నారు.
డబ్బాలన్నీ ఇచ్చేసింది, పేర్లు రాసి, తేదీలు వేసి.
ఖాళీ డబ్బాలు.
అద్దాల వెనక ఇప్పటికీ ఉన్నాయట.
రీళ్ళేం చేసిందో చెప్పలేదు.
ఒకటి నా బీరువాలో ఉంది.

ఉప్పు తిన్నవాడు నీళ్ళు తాగక తప్పదంటారు.
ఈ ఫిల్ము ఉప్పు తింది.
దాని దాహం వెలుతురు మీద.
ఆడించిన ప్రతిసారీ కొంత పొరలుగా రాలిపోతుంది.
ఆట అయ్యాక ప్రొజెక్టర్ కింద ఊడ్చి
ఆ పొడిని ఆవాల సీసాలో పోస్తాను.
ఎందుకని అడక్కండి.
మొదట పంతొమ్మిది నిమిషాలు నడిచేది,
ఇప్పుడు పధ్నాలుగు.

మొన్న నలభై ఒకటోసారి
ఒక నల్లటి పెచ్చు ఊడిపడింది.
దాని వెనక ఎప్పుడూ చూడని ఫ్రేము:
ఒక బొటనవేలి ముద్ర, తెరంత పెద్దది,
మధ్యలో కోసుకున్న గాటు.
ఆర్మెల్‌దా, వాళ్ళమ్మదా?
మిషను ఆపుదామనుకున్నాను.
ఆపితే బల్బు వేడికి కాలిపోతుంది.
పోనిచ్చాను.

ఈ శుక్రవారం మళ్ళీ వేస్తాను.
టికెట్ లేదు.
ప్రొజెక్టర్ పక్కన మాత్రం కూర్చోకండి,
ఉప్పు రాలుతుంది.