ఏడో అక్షరం

ముసఫ్ఫాలో టైర్ల కొట్ల వెనక మా క్లినిక్.
మూడో అంతస్తు, కిటికీ లేని గది నాది.
ముఖాలు కిందే ఆగిపోతాయి.
నాదాకా ఎక్కి వచ్చేవి కాగితాలు.

ఇవాళ పదకొండోది:
చిట్యాల గంగరాజం, నలభై ఆరేళ్ళు, లాండ్రీ.
కుడి మణికట్టు ఎముక, ఎస్ యాభై రెండు.
చెంప గీరుకుపోయింది, దానికో కోడు.
సైకిల్ మీద వెళ్తుంటే పికప్ గుద్దింది:
వి పదమూడు, చుక్క, నాలుగు.

ఏడు అక్షరాలూ నిండాలి.
చెప్పడానికేమీ లేని చోట ఎక్స్ పెట్టి జరుపుతాం,
బస్సు సీటు మీద తువ్వాలు వేసినట్టు.
ఆ సీట్లోకి ఎవరూ రారు.
ఏడోది ఏ అయితే మొదటిసారి వచ్చాడని.
మానుతూ వస్తే డీ.
మానాక కూడా పోనిదానికి ఎస్.

అమీర్‌పేటలో ఈ పాఠం విని నవ్వుకున్నాం.
సైకిల్ మేకను గుద్దితే ఒకటి, రైలును గుద్దితే ఒకటి!
రైలును గుద్దాక కోడు ఎవడికి కావాలి సార్ అంది
నా పక్కనమ్మాయి. సార్ కూడా నవ్వాడు.
తర్వాత బోర్డు మీద రాశాడు:
రాయనిది జరగనట్టే.

ఇంకో గడి ఉంది చివర్న.
ఆ వేళ అతను జీతం కోసం తొక్కుతున్నాడా,
తన కోసం తొక్కుతున్నాడా?
ప్రమాదం ఒంటిగంట పదికి.
జూలై. ఎండలో పని ఆపాల్సిన వేళ.
కంపెనీ మనిషి వచ్చి చెప్పి వెళ్ళాడట: సొంత పని.
కాని నర్సు రాసిన సామాన్ల పట్టీలో
చెప్పు ఒకటి, ఫోను ఒకటి, అద్దం పగిలింది,
ఇస్త్రీ కందూరలు పద్దెనిమిది.

ఎవరు వేసుకుంటారు సొంతానికి పద్దెనిమిది కందూరలు?

డాక్టర్‌ని అడగొచ్చు. కాని దారి చూపే ప్రశ్న అడగకూడదు.
"డ్యూటీ మీదే కదా" అంటే తప్పు.
"ఆ సమయంలో రోగి ఏం చేస్తున్నాడో దయచేసి తెలపండి"
అని పంపాను, ఉప్పూ కారం లేకుండా.
డాక్టర్ హిషామ్ ఆపరేషన్లో ఉన్నారు. ఆరు దాటుతుంది.
ఐదింటికి నా బ్యాచ్ మూసేయాలి.

రెండేళ్ళలో మొదటిసారి మెట్లు దిగాను.

పిండికట్టులో చెయ్యి, మోచేతి దాకా తెలుపు.
నా తెలుగు వినగానే లేవబోయాడు.
"మేడం, బట్టలు మాసినయా?
మూడింటికల్ల ఇయ్యమన్నరు.
ఇస్త్రీ చెడితే నా జీతంల కోస్తరు."

విన్నాను.
విన్నది కోడు కాదు.
పక్కనే సిస్టర్ షైజి, ఆమె జేబులో పెన్ను.
నాంపల్లి ఆసుపత్రిలో మూడేళ్ళు చేసొచ్చింది,
అర్థమైంది ఆమెకి కూడా.
నేను ఏమీ చెప్పలేదు. పెన్ను వైపు చూశాను.
చూపు కూడా దారి చూపడమేనేమో,
రూల్ పుస్తకంలో చూపుల గురించి లేదు.

ఆమె రాసింది. నిదానంగా, అతని నోటి మాట ఉన్నదున్నట్టు,
జీతంలో కోత దాకా.
ఇక సంతకం పడాలి.

ఐదు. సూపర్‌వైజర్ నుంచి మెసేజ్, తర్వాత ఇంకొకటి.
ఆలస్యానికి నా పేరు పక్కన ఎర్ర గీత పడుతుంది,
పడనీ.
ఆ గడి ఏ ఉన్న రోజే తెరుచుకుంటుంది.
డీ వచ్చాక
నువ్వు ఎవరి పని మీద పడ్డావని ఎవరూ అడగరు.

వెయిటింగ్ హాల్లో కూర్చున్నాను, హిషామ్ కోసం.
నా పక్క కుర్చీలో కందూరల మూట,
ఒక వైపు టైరు ముద్ర.
హాలు నిండుతోంది. కాలు ఈడ్చుకుంటూ ఒకాయన వచ్చి
ఈ సీటు ఖాళీయేనా అని సైగ చేశాడు.

మూట ఒళ్ళోకి తీసుకున్నాను.
ఇంకా వెచ్చగానే ఉంది,
ఇస్త్రీ వేడో, ఎండ వేడో.