వెనక కూచున్నోడు

నా పేరు ఖాజాపీరు, దూదేకుల ఖాజాపీరు.
తాడిపత్రిలో బండల ఫ్యాక్టరీల కాడ
పెన్నేటి గాలికి తెల్లదుమ్ము లేస్తా ఉంటాది సూడు,
ఆ సందులో మా ఇల్లు.
ఏడు చలికాలాలు మంచుబండిలో పోయినా.
దావ మాత్రం ఒక్కసారీ చూడలే.

అబద్ధం కాదు.
ముందు కూచున్నోడు నడుపుతాడు.
వెనకోడు తోస్తాడు, తోస్తా తోస్తా ఎగిరి దూకుతాడు,
దూకినాక తల మోకాళ్ల మధ్య దోపుకుంటాడు.
యాభై మీటర్లు నాది.
మిగతా పద్నాలుగు నూర్లు నేగీది.
గీత దాటినాక బ్రేకు మళ్లా నాది.

తోసేది నాకు పట్టాళం నేర్పలే.
పదహారేండ్లకే కోత మిషన్ కాడికి
పట్టాల మీద ట్రాలీ తోస్తి.
మనిషంత పొడుగు నల్లబండలు,
తడికి జారతా, ఎండకు కాలతా.
మేస్త్రీ ఓబులపతి అనేటోడు:
"చేతుల్తో కాదురా, పిక్కల్తో తోయి.
కదిలేదాకానే అది నీకు బరువు,
కదిలినాక నువ్వే దానికి బరువు."
పట్టాళంలో నా పరుగు చూసిన సుబేదారు
అదే మాట హిందీలో చెప్పినప్పుడు
నాకు నవ్వొచ్చె. మూడు గుంజీలు తీయించినాడు.

మా బండి మాది కాదు. బాడుగది.
వేరే దేశమోళ్లు వాడి వాడి మూలన పెట్టింది,
ఎంత గీకినా వాళ్ల జెండా రంగు పోలే.
కింద ఉక్కుబద్దలుంటాయి రెండు జతలు,
రాత్రంతా గరుకు కాగితంతో రుద్దాల.
ఆ పనికి మాత్రం పక్క జట్లోళ్లు వచ్చి నిలబడేటోళ్లు.
బొటనవేలితో తడిమి, కండ్లు మూసుకోని,
యాడ వెంట్రుకంత గీత ఉందో చెప్తా.
ఒక ముసలి జర్మనీ కోచ్ అడిగె, ఏ ఫ్యాక్టరీలో నేర్చుకున్నావని.
"తాడిపత్రి" అంటి.
స్పెల్లింగ్ అడిగి రాసుకున్యాడు.

ఒకసారి తిరగబడినాం, పదకొండో మలుపులో.
బండి పైన, మేం కింద.
మంచు కాలుస్తాదంటే మా ఊర్లో నమ్మరు,
మే నెల బండ మీద ఉత్తకాళ్లతో నిలబడినోళ్లు గూడా నమ్మరు.
ఎడమ భుజం కాలిన వాసన నాకే వచ్చె.
అట్లనే జారుకుంటా, తలకిందులుగా, గీత దాటినాం.
దాటితే లెక్కేనంట. ఆఖరోళ్లం.
మా అక్క మాబున్ని ఫోన్లో అడిగె,
"గెలిస్తివా?"
"పూర్తి చేస్తిమి" అంటి.

ఇరవై ఆరు జట్లలో ఇరవై మూడు,
అదే మా ఎత్తు.
తోపులో మాత్రం ఒక్క పొద్దున పదోవాళ్లం.
ఆ కాగితం ఉంది ఇంకా,
రేషన్ కార్డు పెట్టిన కవర్లో, మడతల కాడ చినిగి.
తర్వాత తొడనరం తెగింది.
నాకన్నా బాగా తోసేటోడు దొరికినాడు,
దొరక్కుండా ఎట్లుంటాడు.

మొన్న నేగి పంపినాడు ఒక వీడియో.
హెల్మెట్‌కు కెమెరా కట్టి తీసిందంట, మా రెండో ఏడాదిది.
బస్టాండు కాడ టీ కొట్టులో కూచోని చూస్తి,
పక్కన మా అక్క కూతురు షమీమ్.
గోడలు నీలంగా ఉన్నాయి. తెల్లగా ఉంటాయనుకుంటి.
పక్కన చెట్లు.
ఒక మలుపు కాడ కంచెకానుకోని మనుషులు,
గంటలు ఊపుతా, నోర్లు తెరిచి అరుస్తా.
ఇంతమంది ఉండ్రా?
ఎర్ర టోపీ పిల్లోడొకడు అచ్చం మా వైపే చెయ్యి ఊపుతాండు.

"నువ్వు పోయింది ఈ దావలోనేనా మామా?"
"ఏమో పాపా. గుర్తు రాలే."

మళ్లీ పెట్టి, ఫోన్ పాప చేతికిచ్చి
తల వంచి మోకాళ్ల మధ్య పెట్టుకుంటి.
గిన్నెల మోత, ఆర్టీసీ బస్సు హారను,
వాటి కింద సన్నగా ఉక్కు గీసుకునే చప్పుడు.
"నాలుగు" అంటి.
"ఐదు పొట్టిది, పోయింది చూడు.
ఇప్పుడు మెడ మీద బండ పడతాది... ఆఁ, ఏడు.
తొమ్మిదిలో నేగి ఊపిరి బిగబడతాడు, ఇను."
"నీకెట్ల తెలుసు మామా, నువ్వు చూస్తానే లేవు?"

జవాబు చెప్పలేకపోతి.
పద్నాలుగు దాటింది, గీత వస్తాంది,
బెంచీ కింద నా రెండు చేతులూ
బ్రేకు కోసం తడుముకుంటాండాయి.