మొగ్గు

మా విశాఖ నేలమీద లేదు, వేలాడుతోంది.
ఒక సిబ్బిలో ఊరు, ఒక సిబ్బిలో సముద్రం,
నడుమ ముల్లు డాల్ఫిన్ నోస్ కొండ.
లైట్‌హౌస్ మెట్లు అయిపోయాయనుకున్న చోట
కిందికి ఇంకో పదకొండున్నాయి.
ఆ అడుగుగదిలో ముల్లు చూసే గుమాస్తాని నేను.
నాకు ముందు మా మేనమామ.
ఆయనకు ముందు ఎవరో, చుట్టవాసన మాత్రం మిగిలింది.

చిట్టా మొదటి పుటలో ఒకటే వాక్యం:
పోయినదానికి ఈడు వచ్చి తీరాలి.

ఇనపరాయి ఓడ రేవు దాటిన రాత్రి
డెబ్బైవేల టన్నులు ఊరికి తేలిక.
తెల్లారేసరికి సముద్రం ఈడు పంపుతుంది:
కోటవీధి గోడల మీద ఉప్పుచెమ్మ,
పూర్ణా మార్కెట్టు తాళాలకు తుప్పు,
కంచరపాలెంలో ఎవరికో
ఎందుకో తెలియని దిగులు.
దిగులు కూడా తూగుతుంది.
ఒక మనిషిది, రాత్రిపూట, సుమారు రెండు వీశెలు.
నవ్వు తూగదు, సిబ్బిని పైకి లేపుతుంది.
కనక తీసివేతలో రాయాలి.

పదహారేళ్లు రాశాను.
ఏనాడూ ముల్లు నిట్టనిలువుగా నిలబడలేదు.
వెంట్రుకవాసి, ఎప్పుడూ, ఏదో ఒక వైపు మొగ్గు.
"లెక్క సరిపోదేం మావయ్యా?" అంటే
ముసలాయన చుట్ట ఆరిపోయేదాకా పలక్క
"సరిపోకపోబట్టే నీకు జీతం" అన్నాడు.

నాకది చాలలేదు.
మాఘం చివర, గాలి లేని ఒక తెల్లవారుజామున
ఊరివైపు ఎంత తక్కువో కనిపెట్టాను:
ఒక్క కవ్వచేప బరువు.
ఆ గదిలోవి ఏ సిబ్బిలోనూ లెక్కకు రావు.
జేబులో సైకిలు తాళంచెవి, రెండు రూపాయిబిళ్లలు,
అమ్మ పోయిననాడు ఏడవకుండా దాచుకున్నది కొంచెం
తీసి ఊరి అంచున పెట్టాను.

ముల్లు నిలబడింది.

లేచిన అల లేచినట్టే, నురగతో సహా.
బీచిరోడ్డులో పొత్తుల కుంపటి నిప్పురవ్వ గాల్లోనే.
జగదాంబ దగ్గర బస్సు
బయలుదేరనూ లేదు, ఆగనూ లేదు.
సింహాచలం సంపెంగ వాసన
పువ్వు దాటి రాలేదు.
అప్పులవాడు అప్పు మరిచాడు, తల్లి బిడ్డని మరిచింది.
ఎవరికీ ఎవరూ ఏమీ బాకీ లేరు.
అంత నిశ్శబ్దం నేను కాటిలో కూడా వినలేదు.

పెట్టినవి తీసేద్దామని చెయ్యి చాపాను.
సరిపోయిన తూకంలోంచి ఏదీ ఊడి రాదు.
కొండ దిగి, గచ్చులా గట్టిపడ్డ ఓడలదారి మీద
కాళ్లు తడవకుండా నడిచి
ఫిషింగ్ హార్బరు చేరాను.

వేలంపాట సగం అంకె దగ్గర ఆగి ఉంది.
తెడ్డువారి దేముడమ్మ తక్కెడ దించి,
బేరగాడి గిన్నె మీదికి చెయ్యి చాపి,
"ఇదిగో కొసరు, ఒట్టుకెల్లు నాయినా" అనే మాట
పెదవి మీద సగం.
వేళ్ల సందున ఒక కవ్వ.

ఊరంతటిలో అదొక్కటే కదులుతోంది.
అమ్మింది కాదు, కొన్నది కాదు,
అరువు కాదు, దానమని కూడా అనలేను.
నా చిట్టాలో దానికి గడి లేదు.
జారి, జారి, పొలుసొకసారి మెరిసి
గిన్నెలో టప్పున పడింది.

అల విరిగింది.
ఎక్కడో బస్సు హారన్ మోగింది.
ఎవరో ఎవరి అమ్మనో తిట్టారు. ఎంత హాయి!
నాకూ ఏడుపొచ్చింది,
తొమ్మిదేళ్లు ఆలస్యంగా, చేపల బుట్టల మధ్య.

దేముడమ్మ ఎగాదిగా చూసి
"ఏటి బావూ, ఒల్లు బాగోనేదా?
సేప కావాలంటే వరసలో రా" అంది.

వరసలో వెళ్లాను. అరకిలో తూచింది.
కొసరు అడగలేదు.
అడిగితే అది బాకీ అయిపోతుంది.
ఆవిడ తల అటు తిప్పి
పక్కబుట్ట మనిషితో ఏదో తగువాడుతూ
నా సంచిలో, చూడకుండానే,
రెండు వేసింది.