మూడు పిలుపులు

కోర్టు వరండాలో నిలబడి
పేరుని మూడుసార్లు పిలవాల. అదే నా పని.
మొదటి పిలుపు మెట్ల మీద బీడీ కాలస్తన్నోడికి,
రెండోది గేటు బయట టీ తాగతన్నోడికి,
మూడోది రానోడికి.
రానోడి మీద వారంటు రాస్తారు.

ఇరవయ్యారేళ్లు పిలిచినాను.
కోళ్ల దొంగల్ని, గట్టు తగాదాలోళ్లని,
నాగావళిలో రెండు నాటుబళ్ల ఇసక తోడినందుకు
ఎడ్లతో సహా దొరికిపోయిన బూర్జ ముసలోణ్ణి.
ఏ పేరూ నా గొంతుకి అడ్డం పడ్నేదు.

ఈ యేళ కాగితం మీద మొదటి నంబరు:
ఎజ్జిరోతు గవర్రాజు, మాజీ మంత్రి.

ఈ పేరు నాకు కొత్త కాదు బావూ.
మీసం మొలవని రోజుల్లో
జీపు టాపు మీద కూకుని, మైకు పోతే మైకు నేకండానే
ఆమదాలవలస రైలుగేటు కాణ్ణించి ఏడు రోడ్ల దాకా
ఈ పేరే అరిసినాను.
నాను "గవర్రాజు నాయకత్వం" అంటే
ఎనకాల ఊరు ఊరంతా "వర్ధిల్లాలి" అనీది.
పలాస దాటినాక ఓ రాత్రి గొంతులోంచి నెత్తురు పడింది.
ఆయనే జీపు ఆపించి
తన ఫ్లాస్కులో యేణ్ణీళ్లు తన మూతలోనే పోసిచ్చి,
"ఈ గొంతు నాకెందుకురా, గవర్నమెంటుకి పనికొస్తాది" అని
లెటరుపేడ్డు మీద నాలుగు ముక్కలు రాసిచ్చినాడు.
ఆ నాలుగు ముక్కలే
నా భుజం మీద ఈ ఎర్ర డవాలి, రొమ్మున ఈ ఇత్తడి బిళ్ల,
మా పెద్దదాని నర్సు సదువు.

వంతెన కట్టినాడు. అబద్దమెందుకు, దాని మీదే డూటీకొస్తాను.
ఆ వంతెన కాళ్ల కింది ఇసక కూడా ఆయనే అమ్మీసినాడంట.
లారీల లెక్కే పన్నెండు పేజీలుంది.
కొండకి కొండ ఓడెక్కించినాడని ఒక కేసు,
నేని కాలవలో పూడిక తీయించినాడని ఇంకోటి.
జెండా మార్చిన ప్రతిసారీ ఒక కేసు నిద్దరోయింది.
ఈసారి మార్చడానికి జెండా దొరకనేదు.

మరోటుంది.
ఉద్యోగాలకి రాసిచ్చిన ఉత్తరాల కట్ట.
ఎగ్జిబిట్ పద్నాలుగు. బీరువాలో, పై అరలో.
తాళం మా హాల్లోనే మేకుకి యేలాడతాది.
నాను ముట్టుకోనేదు. ఒట్టు.
ఎవురూ అడక్కుండా ఒట్టెందుకేసినానో మరి.

"ఎజ్జిరోతు గవర్రాజూ..."
పిట్టగోడ మీది పావురాళ్లు లేసినాయి.
"ఎజ్జిరోతు గవర్రాజూ..."
ప్లీడర్లు మాటలాపినారు.
మూడోసారి పిలిసినానో నేదో
టైపు మిషన్ల టార్పాలిన్ కింద తొంగున్నోడెవడో
కళ్లు తెరవకండానే, సెయ్యెత్తి,
"వర్ధిల్లాలి!" అన్నాడు.

ఎవురూ నవ్వనేదు.
నా పెదాలు కూడా ఆ మాటకి తయారుగానే ఉన్నాయి,
పళ్ల కింద ఒత్తిపెట్టినాను.

ఒచ్చినాడు.
డ్రైవరు భుజమ్మీద బరువేసి, సుగరు కాలికి గుడ్డ కట్టుకుని,
ఒక కాలికి బూటు, ఒక కాలికి హవాయి సెప్పు.
మెట్టు మెట్టుకీ ఆగి, నా ముందలకొచ్చి నిలబడ్డాడు.
నా గొంతుని పోల్చుకుంటాడనుకున్నాను.
ఏటంటాడో, దానికి నానేటనాలో
రాత్రంతా అనుకున్నదేదీ నోట్లోకి రానేదు.

ఆయన నా బిళ్ల కేసి సూసినాడు, మొహం కేసి కాదు.
"బాత్రూం ఎటుంది నాయనా?" అన్నాడు.

లోపల జడ్జీగారి గంట మోగతంది.
పేరు పిలిసినాక ముద్దాయి లోపలికెల్లాల, అది రూలు.
నాను ఎనక సందు సూపించినాను.
అక్కడ కుళాయి రాదు.
బకెట్లోంచి మగ్గు ముంచుకుని
ఆయనొచ్చిందాకా తలుపు బయట నిలబడ్డాను.
నన్ను నిలబడమని ఎవురూ సెప్పనేదు.