మూడు తట్లు

ముహర్రక్‌లో చేపల మార్కెట్టు వెనక సందు.
కార్ల షెడ్డు. షట్టరు సగం దించితే
జిమ్ము.
నేల మీద నీలం పట్టాలు, ఏసీ కింద బకెట్టు.
ఆ బకెట్టూ, డెట్టాలూ, తడిగుడ్డా నావి.
నా పేరు దీవెనమ్మ, మాది సఖినేటిపల్లి లంక.
గదీర్ నోట్లో అది దీనా అయ్యింది.
పోన్లే, పాస్‌పోర్టులో పడ్డ అచ్చుతప్పు కంటే నయం.

ఆ పిల్లకి అప్పుడు ఇరవై రెండు.
తాత ముత్యాల కోసం మునిగినవాడంట,
ఊపిరి బిగబట్టడం వాళ్ళింట్లో ఆస్తి.
ఈ కొట్లాట నేర్చిన ఆడపిల్ల
దీవి మొత్తానికి తనొక్కతే.
ఒక్కతే అంటే గొప్పనుకునేరు, తిప్పలు.
ఎవర్ని కొట్టాలి? ఎవరి చేత కొట్టించుకోవాలి?
మగాళ్ళతో వద్దంది వాళ్ళమ్మ.
సంచీని గుద్దీ గుద్దీ విసుగెత్తి
ఓ రాత్రి నా వైపు తిరిగింది:
దీనా, ఎంత బరువుంటావ్?

యాభై ఎనిమిది కిలోలు.
వెళ్ళి నిలబడ్డాను.

మొదటి వారం పక్కటెముకలు. రెండో వారం పెదవి.
మూడో వారం, చెప్పకూడదు గానీ,
కుప్ప మీదికి మోపు విసిరినట్టు
నడుం పట్టి లేపి పడేశాను.
పడి, పైకప్పు చూసి, నవ్వి,
మళ్ళీ అంది అరబ్బీలో.
ఆ మాట నాకు తెలుసు.
రిఫాలో మేడమూ అనేది,
తుడిచిన మెట్లే తుడవమని.

అసలు సంగతి ఆ తర్వాత నేర్పింది.
చెయ్యి మెలిపడితే, గొంతు బిగిస్తే
నేల మీదో, ఎదుటి మనిషి వీపు మీదో
మూడు తట్లు తట్టు,
వదిలేస్తాను.
తట్లంటే నాకు తెలిసినవి
వీపు మీద తేలేవే.
తట్టాను. వదిలేసింది.
నమ్మకం కుదరక మళ్ళీ పట్టించుకుని మళ్ళీ తట్టాను,
చంటిది స్విచ్చి నొక్కి చూసుకున్నట్టు.
రిఫా ఇంట్లో స్టోరుగది తలుపు
లోపల్నుంచి ఎన్ని రాత్రులు తట్టానో,
మూడుతో పోయే లెక్క కాదది.
తడితే వదిలే చోటొకటి ఉందని
నలభయ్యో ఏట తెలిసింది,
అదీ కొట్టుకునే చోట.

మొదటి పోటీకి కెమెరాలు లేవు, జనం ఇరవై మంది.
అవతల కజక్ పిల్ల.
రెండో రౌండులో మావాళ్ళం ఓడిపోయాం.
వాళ్ళ నాన్న ఏడు నెలలు మాట మానేశాడు.
ఎనిమిదో నెల షట్టరు కిందనుంచి
ఖర్జూరాల డబ్బా లోపలికి తోసి వెళ్ళిపోయాడు.
అప్పట్నుంచి గెలుపులు. అబుదాబిలో, అమ్మాన్‌లో.
బరువు దించడానికి వేడినీళ్ళ తొట్టిలో కూచుంటే
నాలిక మీద ఐసుముక్క పెట్టేదాన్ని,
జ్వరం పిల్లకి పెట్టినట్టు.

మనామాలో ఆఖరాట. సొంత ఊరు, వెయ్యి మంది,
ముందు వరసల్లో నల్లబట్టల ఆడవాళ్ళు ఈలలు.
అప్పటికే రెండుసార్లు జారిన భుజం
అవతలిదాని కాళ్ళ మధ్య ఇరుక్కుంది.
తట్టదు. పళ్ళు బిగించి పైకప్పు చూస్తోంది.
వెయ్యి మంది ముందు ఎలా తడుతుంది?
కోచ్ ఏదో అరుస్తున్నాడు ఇంగ్లీషులో.
నాకేం తోచిందో, కంచె పట్టుకుని
లంకలో పిలుపులా అరిచాను:
తట్టవే! తట్టు తల్లీ!
నా భాషలో తనకి తెలిసిన మాట అదొక్కటే.
ఒకటి.
రెండు. చాలాసేపటికి
మూడు.

పధ్నాలుగు ఆటలు, తొమ్మిది గెలుపులు, ఐదు ఓటములు.
గోడ మీద పటం కట్టారు, ఎదుటివాళ్ళ పేర్లతో సహా.
అందులో నేను లేను. ఎందుకుంటాను.
కానీ ఆ ఎడమచేతి గుద్దుందే,
అది నా చెవి ఎత్తుకి కొలత పెట్టి కుట్టిన జాకెట్టు.
వానొస్తే ఆ చెవి ఇప్పటికీ కూస్తుంది.

నిన్న పట్టాలు తుడుస్తుంటే
కొత్తగా చేరిన పిల్ల, ఎనిమిదేళ్ళుంటాయి,
గోడ చూసి, నన్ను చూసి,
నువ్వూ ఆడేదానివా అనడిగింది.

ముందు గోళ్ళు కత్తిరించుకురా, అన్నాను.